చదును పాదమని స్టెబిలిటీ షూ అంటున్నారు, న్యూట్రల్ వేసుకోవచ్చా? (బెజవాడ, గుంటూరు రన్నర్లకు)

#1 పటమట_పరుగు (విజయవాడ)

అందరికీ నమస్కారం. వివరాలు సూటిగా ఇస్తున్నాను. వయసు 34, బరువు 76 కిలోలు. వారానికి నాలుగు రోజులు, మొత్తం 25 కి.మీ. వరకు పరుగు. ఎక్కువగా బందరు కాలువ పక్క రోడ్డు, అప్పుడప్పుడు బ్యారేజీ వైపు. నొప్పులేమీ లేవు. ఇప్పటిదాకా వాడింది మామూలు న్యూట్రల్ షూ, అంటే పాదం లోపలికి వాలకుండా ఆపడానికి స్టెబిలిటీ షూల్లో పెట్టే ఆసరా లేనిది. అది అరిగిపోయింది.

షాపులో తడి పాదంతో అచ్చు వేయించి, "మీది ఫ్లాట్ ఫుట్ సార్, స్టెబిలిటీ తప్ప వేరేది వేస్తే మోకాళ్లు పోతాయి" అన్నారు. ఆ మాట ఎంతవరకు నిజం? న్యూట్రలే తీసుకుంటే ఏం చూసి తీసుకోవాలి? సైజు విషయంలో కూడా ఒక్కో కంపెనీ ఒక్కోలా ఉంటోంది, దాని సంగతి కూడా చెప్పండి.

#2 బ్రాడీపేట_ఫిజియో (గుంటూరు)

@పటమట_పరుగు గారూ, న్యూట్రల్‌లో వారానికి 25 కి.మీ. నొప్పి లేకుండా పరుగెత్తుతున్నారంటే సగం జవాబు మీ దగ్గరే ఉంది. కదలకుండా నిలబడినప్పుడు అరికాలు ఎంతమేర నేలను తాకుతోందో తడి అచ్చు చెబుతుంది, అంతే. పరుగులో ఆ పాదం ఏం చేస్తుందో దానికి తెలియదు.

పాదం లోపలికి వాలడాన్ని ప్రొనేషన్ అంటారు. అది జబ్బు కాదు, పాదం చేయాల్సిన పనే. మడమతో దిగేవాళ్లలో ముందు మడమ బయటి అంచు నేలకు తగులుతుంది. వెంటనే పాదం లోపలికి వాలి వంపు కాస్త దిగుతుంది, ముంగాలి ఎముక లోపలికి తిరుగుతుంది, మోకాలు వంగుతుంది. అడుగడుగునా ఒంటి బరువుకు రెండు మూడింతల భారం కాలి మీద పడుతుంది. దాన్ని ఓర్చుకునే ఏర్పాటే ఇదంతా. తర్వాత మడమ పైకి లేచేటప్పుడు బొటనవేలు పైకి వంగుతుంది. మడమ నుంచి వేళ్ల దాకా అరికాలి కింద ఉన్న పట్టీ, అంటే ప్లాంటార్ ఫేషియా, గిలకకు చుట్టుకున్న చేదతాడులా బిగుస్తుంది. దిగిన వంపు మళ్లీ లేస్తుంది, పాదం గట్టిపడి నేలను వెనక్కి నెడుతుంది. దీన్నే విండ్‌లాస్ అంటారు, 1954లో హిక్స్ వివరించారు. కాబట్టి షూ నుంచి మనం అడగాల్సింది రెండే: మడమ వాలే వాలును అడ్డుకోకూడదు, బొటనవేలు తిన్నగా ఉండి వంగడానికి చోటివ్వాలి.

అచ్చు చూసి షూ ఇచ్చే పద్ధతిని అమెరికా సైన్యం, వైమానిక దళం, మెరైన్ దళం మూడూ కొత్తగా చేరినవాళ్ల మీద పరీక్షించాయి. కొందరికి అరికాలి ఆకారాన్ని బట్టి షూ ఇచ్చారు, మిగతావాళ్లకు ఆకారంతో సంబంధం లేకుండా ఒకే రకం ఇచ్చారు. గాయాల్లో చెప్పుకోదగ్గ తేడా రాలేదు. డెన్మార్క్‌లో 927 మంది కొత్త రన్నర్లకు ఒకే న్యూట్రల్ షూ ఇచ్చి ఏడాదిపాటు గమనించారు. 2014లో వెలువడిన ఆ ఫలితాల్లో, పాదం లోపలికి వాలేవాళ్లకు మామూలు పాదాలవాళ్లకన్నా గాయాల ముప్పు ఎక్కువగా కనిపించలేదు.

ఇక మీ పాదం మెతక చదునా, బిగుసుకుపోయిన చదునా అన్నది ఇంట్లోనే చూసుకోవచ్చు. రెండు కాళ్ల మీదా సమానంగా నిలబడండి. ఇంకొకరు మీ బొటనవేలిని పట్టుకుని పైకి ఎత్తాలి. వంపు లేస్తే విండ్‌లాస్ బాగా పనిచేస్తున్నట్టు. తర్వాత గోడకు వేళ్లు ఆనించి ఒంటికాలి మునివేళ్ల మీద లేవండి. వెనక నుంచి చూసేవాళ్లకు మడమ లోపలివైపు తిరుగుతూ కనిపించాలి, వంపు తేలాలి. తడబడకుండా ఇరవై సార్లకు పైగా లేవగలిగితే పిక్క, దాని కింది స్నాయువులు బాగున్నట్టే. అసలు లేవలేకపోయినా, లేచినా మడమ తిరగకపోయినా, లోపలి చీలమండ వెనక నొప్పి, వాపు ఉన్నా షూ సంగతి పక్కన పెట్టి ఆర్థోపెడిక్ డాక్టర్‌కు చూపించాలి. అక్కడ దెబ్బతినేది వంపును నిలబెట్టే స్నాయువు. ఆలస్యం చేస్తే పాదం ఆకారమే మారిపోతుంది.

#3 అరసైజు (విజయవాడ, వన్ టౌన్)

ఫిజియో గారు పాదం చెప్పారు, నేను కొలత చెబుతాను.

సాయంత్రం కొలవండి. పొద్దున కన్నా సాయంత్రానికి పాదం కొంచెం పెరుగుతుంది, మన వేడిలో పరుగెత్తాక ఇంకాస్త. గోడకు ఆనించి నేల మీద తెల్లకాగితం పరవండి. పరుగు సాక్సే వేసుకుని మడమ గోడకు తాకేలా నిలబడండి, బరువు ఆ కాలి మీదే ఉండాలి. కూర్చుని కొలిస్తే తక్కువ వస్తుంది. పెన్సిల్ నిటారుగా పట్టుకుని పొడవైన వేలి కొసన గీత పెట్టండి. కొందరికి బొటనవేలి కన్నా రెండో వేలే పొడవు, అది గమనించకపోతే కొలత తప్పుతుంది. రెండు పాదాలూ కొలిచి పెద్దదాన్ని లెక్కలోకి తీసుకోండి.

యూకే సైజు ఒకటి పెరిగితే పొడవు సుమారు 8.5 మి.మీ. పెరుగుతుంది, అరసైజుకు 4 మి.మీ. పైచిలుకు. కానీ యూకే అంకెలు కంపెనీకొక తీరు. నైకీలో యూకే 9 షూ లేబుల్ మీద 28 సెం.మీ. ఉంటుంది, అడిడాస్ యూకే 9 మీద 27.5 ఉంటుంది. అందుకే నాలుక లోపలి లేబుల్ మీద ఉండే సెంటీమీటర్ల అంకె చూడండి. పాదం 26.4 వస్తే 27 లేదా 27.5 లేబుల్‌తో వేసి చూడటం మొదలుపెట్టండి. చివరికి తేల్చేది మాత్రం ముందున్న ఖాళీ. లేసులు కట్టుకుని నిలబడ్డాక పొడవైన వేలికీ షూ కొసకీ మధ్య బొటనవేలి గోరు వెడల్పంత, 10 నుంచి 12 మి.మీ., చోటు ఉండాలి.

వెడల్పు చూడటం ఇంకా తేలిక. లోపలి ఇన్‌సోల్ బయటికి తీసి నేల మీద పెట్టి దాని మీద నిలబడండి. చిటికెన వేలు కానీ బొటనవేలి పక్క కణుపు కానీ అంచు దాటి బయటికి వస్తే ఆ షూ ఇరుకు. పొడవు పెంచితే ఇరుకు తీరదు. సైజు పెంచినప్పుడు షూ వంగే చోటు ముందుకు జరిగిపోతుంది, మడమ వదులవుతుంది, బొబ్బలు మొదలవుతాయి. మగవాళ్ల షూలలో మామూలు వెడల్పు డి, వెడల్పాటిది 2ఈ, ఇంకా వెడల్పు 4ఈ. ఆడవాళ్ల వాటిలో మామూలుది బి, వెడల్పాటిది డి.

వంగే చోటు ఎలా చూడాలంటే, షూ వేసుకుని మునివేళ్ల మీద లేవండి. పైగుడ్డ మడత సరిగ్గా వేళ్ల మొదట్లో పడాలి. ఒకే పొడవు పాదాలు ఉన్న ఇద్దరిలో ఒకరికి వేళ్లు పొడవుగా, మరొకరికి పొట్టిగా ఉండొచ్చు. అప్పుడు ఒకే షూ ఒకరికి సరిపోతుంది, ఇంకొకరికి వంపు కింద వంగుతుంది. చేత్తో వంచినప్పుడు నడిమధ్యన మడతపడే షూ ఎవరికీ పనికిరాదు.

#4 రింగురోడ్డు_రవ్వ (గుంటూరు)

ఫిజియో గారి మీద గౌరవంతోనే అడుగుతున్నా. స్టెబిలిటీ షూ వల్ల లాభమే లేదన్నట్టు రాశారు. 2016లో లగ్జెంబర్గ్ వాళ్లు 372 మంది రన్నర్ల మీద చేసిన పరిశోధనలో, లోపలికి వాలే పాదాలవాళ్లకు మోషన్ కంట్రోల్ షూతో (వాలును ఆపే స్టెబిలిటీ రకమే) గాయాలు తగ్గాయి కదా? చదును పాదమని చెప్పిన షాపువాళ్లను తప్పుపట్టడం ఎందుకు?

#5 బ్రాడీపేట_ఫిజియో (గుంటూరు)

మంచి ప్రశ్న అడిగారు. ఆ పరిశోధన నిజమే, బాగా చేసిన పరిశోధన కూడా. ఎవరికి ఏ షూ వచ్చిందో రన్నర్లకు చెప్పకుండా చేశారు. లాభం కనిపించింది పాదం లోపలికి వాలిన గుంపులోనే. ఆ వాలును కూడా వాళ్లు తడి అచ్చుతో తేల్చలేదు, ఎముకల స్థితిని ఆరు రకాలుగా చూసి మార్కులు వేసే పద్ధతితో తేల్చారు. కాబట్టి ముందే గాయాలు తిరగబెడుతూ, పాదం బాగా వాలేవాళ్లకు స్టెబిలిటీ షూ వేసి చూడటంలో తప్పు లేదు. లోపలి ముంగాలి నొప్పి, లోపలి చీలమండ నొప్పి పదేపదే వస్తున్నవాళ్లకు నేనే చెబుతాను.

నా అభ్యంతరం ఒక్కటే. నొప్పి లేని మనిషికి, అలవాటైన న్యూట్రల్‌లో హాయిగా పరుగెత్తే మనిషికి, అచ్చు ఒక్కటి చూసి భయపెట్టి షూ మార్పించడం సరికాదు. కాల్గరీ విశ్వవిద్యాలయానికి చెందిన బెన్నో నిగ్, ఆయన సహచరులు 2015లో ఇదే చెప్పారు. ప్రతి ఒంటికీ తనకు నచ్చిన కదలిక దారి ఒకటుంటుంది, ఆ దారిలో కాలిని సాగనిచ్చే షూనే కాలికి సుఖంగా అనిపిస్తుంది, ఎంపికకు ఆ సుఖమే మంచి జల్లెడ. అవసరం లేనివాళ్లు లోపలి పక్క గట్టి ఫోమ్ ఆసరా (పోస్ట్) ఉన్న షూ వేస్తే వంపు కింద గుచ్చుకోవడం, అక్కడ బొబ్బలు రావడం ముందు కనిపిస్తాయి. ఎత్తు వంపు, బిగుసు పాదం ఉన్నవాళ్లను అది ఇంకా బయటికి నెడుతుంది, చీలమండ మడతపడే ముప్పు పెరుగుతుంది.

#6 వేకువ_కోచ్ (విజయవాడ)

ఫోన్‌తో మీరే చూసుకునే పద్ధతి చెబుతాను. స్లో మోషన్‌లో 120 లేదా 240 ఫ్రేములు పెట్టండి. ఫోన్‌ను నేలకు జానెడు ఎత్తులో, మీ వెనక ఏదైనా ఇటుకకు ఆనించండి. పది నిమిషాలు పరుగెత్తి ఒళ్లు వేడెక్కాక, ఫోన్ నుంచి తిన్నగా దూరంగా ముప్పై అడుగులు పరుగెత్తండి. మామూలు వేగమే ఉండాలి, కెమెరా ఉందని బిగుసుకోవద్దు. మడమ వాలడం ఒక్కటే చూడకండి. మోకాలు లోపలికి పడుతోందా, ఒక కాలు గాల్లో ఉన్నప్పుడు ఆ పక్క నడుము కిందికి జారుతోందా, పాదాలు ఒకే గీత మీద పడుతూ ఒకదాన్నొకటి దాటుతున్నాయా అని చూడండి. ఈ మూడింటిలో ఏదున్నా దాని మూలం తరచుగా తుంటి కండరాల్లో ఉంటుంది. షూ మార్చినంత మాత్రాన పోదు.

దానికి ఒంటికాలి స్క్వాట్, పక్కకు పడుకుని కాలు ఎత్తడం, అడుగు పొడవు కొంచెం తగ్గించడం పనికొస్తాయి. నిమిషానికి వేసే అడుగుల లెక్కను 5 శాతం పెంచినా మోకాలి మీద భారం తగ్గుతుంది. 160 వేసేవాళ్లు 168 వేయాలన్నమాట. ఒకేసారి 180కి పోవద్దు.

#7 పటమట_పరుగు (విజయవాడ)

అందరికీ ధన్యవాదాలు. బొటనవేలు ఎత్తితే రెండు పాదాల్లోనూ వంపు లేస్తోంది. ఒంటికాలి మీద కుడి 26, ఎడమ 22 సార్లు లేవగలిగాను, మడమలు లోపలికి తిరుగుతున్నాయని ఇంట్లో చెప్పారు. కొలతలు: కుడి 26.3, ఎడమ 26.6. పాత షూ ఇన్‌సోల్ మీద నిలబడితే చిటికెన వేలు సగం బయటికి వచ్చింది!

న్యూట్రలే తీసుకుంటాను. కానీ డబ్బా మీద ఎక్కడా న్యూట్రల్ అని రాయడం లేదు, ఎలా గుర్తుపట్టాలి?

#8 అరసైజు (విజయవాడ, వన్ టౌన్)

@పటమట_పరుగు మీ ఇరుకు ఇన్‌సోల్ దగ్గరే బయటపడింది. ఎడమ 26.6ను లెక్కలో పెట్టుకోండి, 2ఈ దొరికితే అదే చూడండి.

గుర్తుపట్టడం ఇలా. షూ లోపలి పక్కను, అంటే రెండు షూలు పక్కపక్కన పెడితే ఒకదానికొకటి ఎదురుగా ఉండే వైపును, వేలితో నొక్కండి. బయటి పక్క కన్నా అక్కడ ఫోమ్ గట్టిగా ఉంటే, ఎక్కువగా బూడిద రంగులో, అది మీడియల్ పోస్ట్. స్టెబిలిటీ షూ అన్నమాట. ఈ మధ్య గట్టి ఫోమ్‌కు బదులు పక్కల్ని ఎత్తుగా కట్టి, అడుగు వెడల్పు చేసి వాలును మళ్లిస్తున్నారు కాబట్టి నొక్కి చూడటం ఒక్కటే చాలదు, పేరు కూడా తెలియాలి. ఆసిక్స్‌లో నింబస్, క్యుములస్, నోవాబ్లాస్ట్ న్యూట్రల్; కయానో, జీటీ-2000 స్టెబిలిటీ. నైకీలో పెగాసస్ న్యూట్రల్, స్ట్రక్చర్ స్టెబిలిటీ. న్యూ బ్యాలెన్స్‌లో 880, 1080 న్యూట్రల్, 860 స్టెబిలిటీ. సాకనీలో రైడ్, ట్రయంఫ్ న్యూట్రల్, గైడ్ స్టెబిలిటీ. బ్రూక్స్‌లో ఘోస్ట్, గ్లిసరిన్ న్యూట్రల్, అడ్రినలిన్ జీటీఎస్ స్టెబిలిటీ. హోకాలో క్లిఫ్టన్ న్యూట్రల్, అరాహి స్టెబిలిటీ. తక్కువ ధర రన్నింగ్ షూలు దాదాపు అన్నీ న్యూట్రలే.

న్యూట్రల్ అన్నంత మాత్రాన నిలకడ లేనిదని కాదు. మడమ దగ్గర గట్టి కప్పు ఉందా అని వెనక నుంచి వేలితో నొక్కి చూడండి. రెండు కొసలూ పట్టుకుని బట్ట పిండినట్టు మెలిపెట్టండి. కొద్దిగా తిరగాలి, పూర్తిగా తిరిగిపోకూడదు. చదునైన బల్ల మీద పెట్టి వెనక నుంచి చూడండి. కొత్త షూ అయినా ఒక పక్కకు ఒరిగి నిలబడితే అతికింపు సరిగా లేనట్టు, ఆ జత వద్దు.

#9 మంగళగిరి_మిట్ట

సహజంగా పాదం పనిచేయాలంటే ఇన్ని మెత్తలెందుకు? జీరో డ్రాప్, పలచటి అడుగు, వేళ్ల దగ్గర వెడల్పు ఉన్న షూ తీసుకోండి. పాదం తన పని తాను చేసుకుంటుంది. మడమ ఎత్తు పెట్టడమే అసలు తప్పు.

#10 వేకువ_కోచ్ (విజయవాడ)

@మంగళగిరి_మిట్ట అన్నా, వేళ్ల దగ్గర వెడల్పు గురించి మీతో పూర్తిగా ఏకీభవిస్తాను. బొటనవేలిని లోపలికి తోసే కొసదేరిన ముందుభాగం ఎంత మెత్తటి షూలో ఉన్నా చెడ్డదే. కానీ డ్రాప్ సంగతి అలా తేల్చేయలేం.

డ్రాప్ అంటే మడమ కింద ఎత్తుకూ వేళ్ల మొదట్లో ఎత్తుకూ తేడా. 10 మి.మీ. ఉన్నవి ఎక్కువ, 8 మామూలు, 4-5 తక్కువ, ఆల్ట్రా లాంటివి సున్నా. డ్రాప్ తగ్గితే పిక్క మీద, మడమ వెనక స్నాయువు మీద భారం పెరుగుతుంది. పెరిగితే మోకాలి మీద పెరుగుతుంది. భారం ఎక్కడికీ పోదు, చోటు మారుతుందంతే. ఏళ్ల తరబడి 10 మి.మీ. షూలో ఉన్నవాళ్లు ఒక్క వారంలో సున్నాకు మారితే పిక్కలు పట్టేస్తాయి, ఆ తర్వాత మడమ వెనక నొప్పి, ఇంకా మొండికేస్తే పాదం ఎముకల్లో సన్నటి పగుళ్లు. మారాలనుకుంటే 10 నుంచి 6కు, కొన్ని నెలలయ్యాక 4కు. మొదటి రెండు వారాలూ కొత్త జతతో ఒకటి రెండు కిలోమీటర్లే, మిగతా దూరం పాతదాంతో. పొద్దున లేవగానే మొదటి అడుగులో మడమ వెనక బిగుసుకున్నట్టుంటే అక్కడే ఆగండి.

@పటమట_పరుగు మీ పాత షూ డ్రాప్ ఎంతో చూసుకుని దానికి రెండు మి.మీ. అటూ ఇటూగా కొనండి. అన్నీ ఒకేసారి మార్చొద్దు.

#11 గుణదల_గీత

ఆడవాళ్ల పాదాల గురించి కూడా రాయండి. నాకు వెడల్పు డి కావాలి, ఇక్కడ షాపుల్లో బి తప్ప కనిపించదు. ఇంకోటి, మా అమ్మకు షుగర్ ఉంది, బొటనవేలి పక్క ఎముక పొడుచుకొచ్చింది. నడకకు న్యూట్రల్ రన్నింగ్ షూ కొనివ్వొచ్చా?

#12 అరసైజు (విజయవాడ, వన్ టౌన్)

గీత గారూ, డి దొరకనప్పుడు మగవాళ్ల షూ చూడండి. అమెరికా సైజుల్లో మగవాళ్ల 7, ఆడవాళ్ల 8.5 దాదాపు ఒకే పొడవు, మగవాళ్ల మామూలు వెడల్పు ఆడవాళ్ల వెడల్పాటిదానికి సమానం. మడమ మాత్రం వదులుగా ఉంటుంది. దానికి లేసు మార్గముంది. అన్నిటికన్నా పైన, కాస్త వెనగ్గా ఇంకో చిన్న రంధ్రం ఉంటుంది కదా, చాలామంది దాన్ని వాడరు. లేసు కొసను అదే పక్కన ఉన్న ఆ రంధ్రంలోకి బయటి నుంచి లోపలికి దూర్చి చిన్న ఉంగరం మిగల్చండి. రెండు పక్కలా అలా చేసి, కుడి కొసను ఎడమ ఉంగరంలోంచి, ఎడమ కొసను కుడి ఉంగరంలోంచి తీసి, పక్కలకు కాకుండా కిందికి లాగి బిగించండి. మడమ కదలదు. కొండవీడు ఘాట్ రోడ్డు దిగేవాళ్లకు వేళ్లు ముందుకు గుద్దుకుని గోళ్లు నల్లబడకుండా ఆపేది కూడా ఇదే. పాదం పైభాగం ఎత్తుగా ఉండి అక్కడ నొక్కుకుంటే, నొప్పి ఉన్న చోట లేసును అడ్డంగా దాటించకుండా, అదే పక్కన తిన్నగా పైరంధ్రంలోకి ఎక్కించండి.

#13 బ్రాడీపేట_ఫిజియో (గుంటూరు)

గీత గారూ, అమ్మగారి విషయంలో ముందు అరికాళ్లలో స్పర్శ తగ్గిందేమో డాక్టర్ చేత చూపించండి. సన్నటి నైలాన్ తీగను వేళ్ల కింద, అరికాలి మీద ఆనించి చూసే పరీక్ష అది, నిమిషాల్లో అయిపోతుంది. స్పర్శ తగ్గినవాళ్లకు "సుఖంగా ఉందా" అన్న ప్రశ్న పనికిరాదు. షూ కోస్తున్నా తెలియదు. అలాంటివాళ్లకు సైజు కళ్లతో చూసి తేల్చాలి. ఇన్‌సోల్ మీద నిలబెట్టే పద్ధతి అక్కడ చాలా విలువైనది. స్పర్శ బాగుంటే వెడల్పాటి న్యూట్రల్ షూ మంచిదే. ముందుభాగం సాగే వలగుడ్డ ఉండాలి, ఎముక పొడుచుకొచ్చిన చోట కుట్టు కానీ అతికించిన ప్లాస్టిక్ కానీ ఉండకూడదు. మొదటి రోజు ఇంట్లోనే అరగంట తొడిగి, విప్పగానే పాదం అన్ని వైపులా చూడండి. ఎర్రటి మచ్చ పావుగంటలో పోకపోతే ఆ షూ వద్దు. రోజూ తొడిగే ముందు లోపల చెయ్యి పెట్టి గులకరాయి లాంటిదేమైనా ఉందేమో తడమాలి.

#14 కృష్ణలంక_వేకువ

వేడి, వాన గురించి ఎవరూ రాయలేదు, మన ఊళ్లో సగం షూలు పాడయ్యేది అక్కడే.

షూ అడుగున మెత్తగా ఉండే ఈవీఏ ఫోమ్ వేడికి ఇంకా మెత్తబడుతుంది. ఏసీ షాపులో పరీక్షించినప్పుడే బాగా మెత్తగా దిగిపోతుంటే మే నెల తారు రోడ్డు మీద ఇంకా దిగుతుంది, ఎత్తైన షూ అయితే ఊగులాట పెరుగుతుంది. మూసిన కారులో, బండి డిక్కీలో, డాబా మీద ఎండలో వదిలేస్తే ఫోమ్ కుంచించుకుపోతుంది, అడుగు రబ్బరు అతుకు ఊడుతుంది. తడిసిన షూ ఆరబెట్టడానికి లేసులు వదులు చేయండి, ఇన్‌సోల్ బయటికి తీయండి, లోపల పాత పేపరు ఉండలు కుక్కి ఫ్యాను కింద పెట్టండి, గంటకోసారి పేపరు మార్చండి. హెయిర్ డ్రయ్యర్, వాషింగ్ మెషీన్ రెండూ వద్దు. సబ్బు నీళ్లు, మెత్తటి బ్రష్ చాలు.

వానాకాలంలో పుష్కర ఘాట్ల టైల్స్ మీద, జీబ్రా గీతల పెయింట్ మీద కొన్ని షూలు జారిపోతాయి. అడుగు తిప్పి చూడండి. రబ్బరు తక్కువ, ఫోమ్ నేరుగా నేలకు తగిలేవి ఎక్కువగా జారతాయి. మడమ బయటి అంచు, బొటనవేలి కింద రబ్బరు తప్పనిసరిగా ఉండాలి. సాక్సు నూలువి వద్దు. చెమట పట్టి వదలవు, బొబ్బలకు అదే కారణం. పాలియెస్టర్, నైలాన్ కలిసినవి కొనండి.

#15 రింగురోడ్డు_రవ్వ (గుంటూరు)

రోడ్డు పక్కన "ఫస్ట్ కాపీ" అని అమ్మే వాటి గురించి కూడా జాగ్రత్త. పైగుడ్డ అచ్చం అలాగే ఉంటుంది, ఫోమ్ మాత్రం వేరు. కొద్ది వారాలకే అణిగిపోయి ఒక పక్కకు ఒరుగుతుంది. నాలుక లోపలి లేబుల్ మీద స్టైల్ నంబరు, డబ్బా మీద నంబరు ఒకటే ఉండాలి. అసలు షూ అయినా పెద్ద డిస్కౌంట్ ఉంటే తయారీ తేదీ చూడండి. గోడౌన్ వేడిలో ఏళ్లు పడున్న ఫోమ్ గట్టిపడుతుంది, జిగురు ఎండిపోతుంది.

@బ్రాడీపేట_ఫిజియో గారూ, వివరంగా చెప్పినందుకు థాంక్స్. మార్కులు వేసే పద్ధతి సంగతి నాకు తెలియదు.

#16 పటమట_పరుగు (విజయవాడ)

ఇంకో రెండు సందేహాలు. పాత షూలో మడమ బయటి అంచే ఎక్కువగా అరిగింది. అంటే నా పాదం బయటికి వాలుతోందా? షాపువాళ్లు లోపలికి వాలుతుందన్నారు కదా. పైగా ఎడమ, కుడి ఒకేలా అరగలేదు. రెండోది, పాత జతను ఎప్పుడు పక్కన పెట్టాలి?

#17 వేకువ_కోచ్ (విజయవాడ)

మడమ బయటి అంచు అరగడం చాలామందిలో మామూలే. నేలను ముందు తాకేది అదే అంచు కాబట్టి అరుగుతుంది. దాన్ని బట్టి లోపలికి వాలుతుందనీ, బయటికి వాలుతుందనీ చెప్పలేం. రబ్బరు అరుగుదల కాదు, ఫోమ్ ఒరుగుదల చూడాలి. పాత జతను బల్ల మీద పెట్టి వెనక నుంచి చూడండి. మడమ కప్పు నడిమి గీత నిటారుగా ఉంటే మీ పాదం ఆ షూను ఒక పక్కకు నలగ్గొట్టలేదని అర్థం.

కుడి ఎడమ తేడాకు రోడ్డే కారణం కావచ్చు. వానలకు నీళ్లు పోవడానికి రోడ్డు నడుమ ఎత్తుగా, అంచులు పల్లంగా ఉంటాయి. ఎదురొచ్చే బండ్లు కనిపించాలని కుడి అంచున పరుగెత్తితే, ఎడమ కాలు ఎత్తు మీద, కుడి కాలు పల్లంలో పడతాయి. ఎత్తు మీది పాదం ఎక్కువగా లోపలికి వాలుతుంది, పల్లంలోది బయటికి. ఎప్పుడూ ఒకే పక్కన పరుగెత్తితే అది షూలోనూ మోకాలిలోనూ కనిపిస్తుంది. భద్రంగా ఉన్న చోట, బండ్లు లేని వేళ, పక్క మార్చండి. స్టేడియం ట్రాక్ మీద కూడా అంతే, వలయం ఎప్పుడూ ఎడమకే తిరుగుతుంది కాబట్టి తేలికపాటి పరుగు రోజున, జనం లేనప్పుడు, దిశ మార్చొచ్చు.

మార్చాల్సిన దూరం సుమారు 500 నుంచి 800 కి.మీ. మీ బరువుకు, కాంక్రీటు రోడ్లకు 600 దగ్గర గమనించడం మొదలుపెట్టండి. వారానికి 25 చొప్పున దాదాపు ఆరు నెలలు. ఫోమ్ పక్కల మీద అడ్డంగా ముడతలు లోతుగా పడి, వేలితో నొక్కితే తిరిగి లేవకపోతే దాని పనైపోయింది. పైన ఎంత కొత్తగా కనిపించినా సరే. కొత్తది కొన్నాక పాతదాన్ని వెంటనే తీసేయకండి, మూడు వారాలు మార్చి మార్చి వాడండి. వీలైతే ఎప్పుడూ రెండు వేర్వేరు మోడళ్లు ఉంచుకోండి. 264 మంది రన్నర్ల మీద జరిగిన పరిశోధనలో, ఒకటికి మించి షూలు మార్చి వాడినవాళ్లకు గాయాల ముప్పు 39 శాతం తక్కువగా తేలింది. కాలి మీద భారం రోజూ ఒకే చోట పడకపోవడమే దానికి కారణం కావచ్చు.

#18 అరసైజు (విజయవాడ, వన్ టౌన్)

షాపుకు వెళ్లేటప్పుడు సాయంత్రం వెళ్లండి, పరుగు సాక్సు, పాత షూ పట్టుకెళ్లండి. మూడు జతలు తీయించుకుని, ఎడమకు ఒకటి, కుడికి మరొకటి తొడిగి నడిచి పోల్చండి, తేడా వెంటనే తెలుస్తుంది. వాటిలో బాగున్నదాన్ని రెండు కాళ్లకూ వేసుకుని కనీసం ఐదు నిమిషాలు జాగింగ్ చేయండి, ట్రెడ్‌మిల్ లేకపోతే షాపు బయట వరండాలో అయినా సరే. "వాడగా వాడగా సాగుతుంది సార్" అంటే ఒప్పుకోవద్దు. రన్నింగ్ షూ తోలు చెప్పు కాదు, మొదటి రోజు నొక్కింది ఆరో నెలలో కూడా నొక్కుతుంది. ఫ్లాట్ ఫుట్ ఇన్‌సోల్ అంటగడితే అది కూడా వద్దు. లోపల ఉన్నదాని మీద ఇంకోటి పెడితే మడమ పైకి లేచి కప్పులోంచి జారుతుంది, వేళ్ల మీద చోటు తగ్గుతుంది. డాక్టర్ రాసిచ్చినదైతే, షూతో వచ్చిన ఇన్‌సోల్ తీసేసి దాని స్థానంలోనే వేయాలి, ఆ ఇన్‌సోల్‌తోనే షూ సైజు చూడాలి.